శుక్రవారం పెట్టిన బొట్టు

జూన్ 6, శనివారం

నాకేమీ తెలియదు. నేను నిద్రపోతున్నాను. బండి కట్టింది అరియముత్తు. ఏటికి తోలింది అరియముత్తు. తెల్లారి లేచి చూస్తే కొట్టంలో ఎడ్లు లేవు.

దీన్ని కంఠతా పట్టమన్నాడు వకీలు సభాపతి. నాకు నోటితో వల్లిస్తే నిలవదు, రాస్తేనే నిలుస్తుంది. చిన్నప్పుడు ఎక్కాలు కూడా అలాగే నేర్చుకున్నాను. అందుకే కూతురి పాత కాలేజీ పుస్తకం తీశాను. వెనకవైపు కాగితాలన్నీ ఖాళీగానే ఉన్నాయి.

నాకేమీ తెలియదు. నేను నిద్రపోతున్నాను. బండి కట్టింది అరియముత్తు.

చాలు. చెయ్యి నొప్పి పుడుతోంది.

నిన్న తెల్లవారుజామున కొళ్ళిడం ఏట్లో మా బండిని పట్టుకున్నారు. బండినీ రెండెడ్లనూ స్టేషన్‌కు తోలుకుపోయారు. అరియముత్తును సబ్‌జైల్లో పెట్టారు. పర్మిట్ లేని ఇసుకట. ఈ ఊళ్లో పర్మిట్ ఉన్న ఇసుకతో కట్టిన గోడ ఒక్కటుంటే చూపించమనండి, దానికి దండం పెడతాను.

సభాపతి చెప్పింది ఇదీ: "దారులు రెండేనమ్మా. నేనే పంపించానంటే నువ్వూ ముద్దాయివే, బండీ ఎడ్లూ సర్కారుకు జమ. నాకు తెలియకుండా తోలుకుపోయాడంటే, కోర్టు నీ ఎడ్లను నీకు ఇచ్చేస్తుంది. అందరూ ఇట్లనే రాస్తారు. ఓనరుకు తెలిసి ఇసుక తోలిన బండి ఈ చుట్టుపక్కల ఇంతవరకూ ఒక్కటి కూడా లేదు." అని నవ్వాడు. మా ఆయన నవ్వాడు. నేనూ నవ్వాను కాబోలు.

ఇంటికొచ్చాక మా ఆయన, "బండి నీ పేరున ఉండటం మంచిదైంది. నా పేరున ఉండుంటే ఈపాటికి నా ఉద్యోగం ఊడి, రేషన్ షాపు తాళాలు ఇంకొకడి మొలలో ఉండేవి" అన్నాడు. మంచిదట!

జూన్ 7, ఆదివారం

ఎడ్లకు గడ్డి తీసుకుని స్టేషన్‌కు వెళ్లాను. ఆవరణలో వేపచెట్టుకు కట్టేశారు. పక్కనే ఎప్పుడో పట్టుకొచ్చిన ట్రాక్టర్లు. ఒకదాని స్టీరింగు మీదికి కాకరతీగ పాకి కాయలు కూడా కాసింది. ఇనుము ఎన్నాళ్లయినా ఆగుతుంది. ప్రాణమున్నవి ఆగుతాయా?

"స్టేషనా ఇది, గొడ్లసావిడా? ఫిర్యాదు ఇచ్చేదానికొచ్చినోళ్లంతా పేడలో కాలేస్తా ఉండారు" అని హెడ్ కానిస్టేబులు నా మీద కసిరాడు. లేడీ కానిస్టేబులు మాత్రం, "ఉండనీండి సార్, మా మిద్దె మీద గులాబీలకు పనికొస్తాది" అని బుట్ట తెచ్చుకుంది.

రెండెడ్లలో మయిల కాస్త గడ్డి కొరికింది. సెవల ముట్టలేదు. నా భుజం మీదుగా వెనక్కి చూస్తోంది, ఇంకెవరో రావాలన్నట్టు. నీళ్ల బకెట్టు ముందు పెడితే మూతి తిప్పుకుంది. అరియముత్తు ఈల వేస్తేగానీ అది తాగదు. నేనూ వేయబోయాను. గాలి తప్ప ఏమీ రాలేదు. కానిస్టేబుళ్లు పడీ పడీ నవ్వారు.

జూన్ 9, మంగళవారం

అరియముత్తు పెళ్లాం అంజలై వచ్చింది. పెరటి గుమ్మం దగ్గర కూర్చుంది, ఎప్పుడూ మొగుడు కూర్చునే చోటే. పక్కనే రాగిగంజి కుండ. అతను పొద్దున్నే పెరటి తలుపు తోసుకుని వచ్చి, కుండలోంచి తనే ముంచుకుని తాగి, ఉట్టిలోంచి ఉల్లిపాయ తీసుకుని కొట్టంలోకి పోయేవాడు. నేను ఈ ఇంటికి కోడలిగా వచ్చిన బండి తోలింది కూడా అతనే. అప్పుడు మా అత్త పెద్దమ్మ, నేను చిన్నమ్మ. అత్త పోయింది, నాకు జుట్టు నెరిసింది, అయినా అతనికి నేను చిన్నమ్మనే.

"మీరుండారు గదమ్మా, మాకేం భయం" అంది అంజలై. "జైలుకాడ చూసినాను. తన సంగతేం చెప్పలేదు, ఎడ్ల సంగతే. చిన్నమ్మ చూసుకుంటాది, ఈ తుండు వేపచెట్టుకు కట్టమను, సెవల వాసన పట్టి తింటాది అన్నాడు."

మాసిన ఎర్ర తుండు. చెమట వాసన. తీసుకున్నాను. శుక్రవారం వకీలు కాగితం మీద నేను పెట్టబోయే సంతకం గురించి చెప్పాలనుకున్నాను. "గంజి తాగుతావా?" అని అడిగాను.

జూన్ 10, బుధవారం

తుండు కట్టాను. సెవల తిన్నది.

జూన్ 12, శుక్రవారం

సంతకం పెట్టాను. నాకు తెలియకుండా, నా అనుమతి లేకుండా, నా నమ్మకాన్ని వమ్ము చేసి, అని ఉంది అందులో. "నమ్మకాన్ని వమ్ము చేసి ఎందుకండీ?" అన్నాను. "అట్లుంటే బరువుగా ఉంటాదమ్మా" అన్నాడు సభాపతి.

నిద్రపోతున్నానన్నది నిజం కాదు, అది ఒప్పుకుంటాను. మెలకువగానే ఉన్నాను. అయితే ఏమిటి? మెలకువగా ఉన్నవాళ్లంతా బండి పంపినట్టా? మిద్దె మీద గది కట్టే మేస్త్రీ ఇసుక లేక, పని లేక బీడీలు కాలుస్తూ కూర్చున్నాడని మాత్రం అన్నాను. ఇంటి ఇల్లాలు ఆ మాట అనకూడదా?

అరియముత్తుకు ఏమీ కాదట. ముందు ఎడ్లు బయటికి రానీ, తర్వాత అతన్ని బయటికి తెద్దాం అన్నాడు సభాపతి. మంచి వకీలే.

జూన్ 15, సోమవారం

అరియముత్తుకు బెయిలు ఇవ్వలేదు. నా కాగితం చూసి పోలీసులు దొంగతనం కూడా కలిపారట. ఇసుక కేసు ఒకటైతే, యజమాని ఎడ్లను దొంగిలించిన కేసు ఇంకొకటి.

అంజలై వచ్చింది. ఈసారి కూర్చోలేదు.

"అమ్మా, ఆయన ఇన్నేండ్లలో మీ ఇంటి నుంచి గుప్పెడు తవుడైనా మా ఇంటికి తెచ్చినాడా?"

"లేదు."

"మరి దొంగ ఎట్లయినాడమ్మా?"

మా ఆయన లోపలినుంచి, "అదంతా కోర్టు భాషలే అంజలై, నీకర్థం కాదు. వకీలు చూసుకుంటాడు" అన్నాడు. "కోర్టు భాష నాకు రాదయ్యా, దొంగ అనే మాట వస్తాది" అని అది వెళ్లిపోయింది.

గంజి కుండ తోమి బోర్లించాను. తాగేవాళ్లు లేరు.

జూన్ 18, గురువారం

ఇవాళ కోర్టు. ఎడ్లను ఇవ్వాలా వద్దా అన్న విచారణ. అరియముత్తును కూడా తెచ్చారు. గడ్డం పెరిగింది. నన్ను చూసి తలూపాడు, ఎప్పటిలాగే.

జడ్జి ఆడమనిషి. కాగితాలు తిప్పుతూ తిప్పుతూ ఒక ఫోటో దగ్గర ఆగింది. ఏట్లో బండిని పట్టుకున్నప్పుడు తీసిన ఫోటో.

"ఎడ్ల నుదుటిన బొట్లున్నాయి. పసుపు ఇంకా తడి ఆరలేదు. ఎవరు పెట్టారు?"

శుక్రవారం ఏటికి పోయే ఎడ్లు బోసి నుదురుతో పోకూడదు. ఏరు తల్లి, తల్లి దగ్గరికి బోసిగా పోతామా అనేది మా అత్త. ఆమె పోయాక ఆ పని నాది. ఆ శుక్రవారం కూడా పెట్టాను. సభాపతికి ఈ సంగతి చెప్పలేదు. దాచాలని కాదు, చెప్పాలని తోచలేదు. పొద్దున పళ్లు తోముకున్నానని వకీలుకు చెప్తామా?

సభాపతి గిరుక్కున నా వైపు తిరిగాడు. నేను నోరు తెరిచేలోపే బోనులోంచి మాట వచ్చింది.

"నేనే పెట్టినానమ్మా."

"నువ్వా?" అంది జడ్జి.

"నేనేనమ్మా."

"ఏ వేలితో?"

అరియముత్తు ఒక్క క్షణం ఆలోచించి చూపుడు వేలు ఎత్తాడు.

కోర్టంతా గొల్లున నవ్వింది. వెనక బెంచీ మీద ఎవడో, "కాటుక కూడా పెట్టినావా మామా?" అన్నాడు. జడ్జి నవ్వలేదు. అందరినీ గదమాయించి, నా కుడిచేతి వైపు చూసింది. ఉంగరపు వేలి గోటి వార పసుపు ఎప్పుడూ ఉంటుంది నాకు. చెయ్యి కొంగులోకి వెళ్లిపోయింది. నేను దాచలేదు, అదే వెళ్లింది.

పోలీసులు అడ్డు చెప్పలేదు. ఎడ్లనూ బండినీ నాకు ఇవ్వమని, అమ్మకూడదని, పిలిచినప్పుడు తెచ్చి చూపించాలని ఉత్తర్వు రాసింది.

బయటికొచ్చాక మా ఆయన, "వాడు గట్టివాడే, సమయానికి అందుకున్నాడు" అన్నాడు. అరియముత్తును మళ్లీ వ్యాను ఎక్కిస్తున్నారు. బొట్టు మామా, బొట్టు మామా అని వెంట వచ్చిన కానిస్టేబులు కూడా ఏడిపిస్తున్నాడు.

జూన్ 19, శుక్రవారం

ఎడ్లు ఇంటికొచ్చాయి. మా ఆయన హారతి ఇవ్వమన్నాడు. కుంకుమ భరిణె తీశాను, మళ్లీ మూత పెట్టేశాను.

సరే, రాస్తాను. ఎవరు చదవొచ్చారు గనక.

ఆ గురువారం సాయంత్రం అరియముత్తు, "రెండు దినాలు ఆగుదాం చిన్నమ్మా. కొత్త ఎస్సై ఏటిగట్టు మీదనే కాపురం పెట్టినాడంట" అన్నాడు. ఆగితే ఏమవుతుంది? డ్యాం నీళ్లు వదులుతారు, ఏరు నిండుతుంది, మళ్లీ ఇసుక దొరకాలంటే ఎన్ని నెలలో. మిద్దె మీద నా గది గోడలు పూత లేకుండా వానకు తడుస్తాయి. పెళ్లయినప్పటి నుంచీ అడుగుతున్న గది అది. ఏటి వైపు కిటికీ పెట్టించుకున్నాను. ఎవరూ పిలవని చోట కాసేపు కూర్చోవాలని నా ఆశ. అంతే.

"భయమైతే చెప్పు, నా చీర ఒకటిస్తాను, కట్టుకుని ఇంట్లో కూర్చో. బండి నేనే తోలుకుపోతాను" అన్నాను.

మేస్త్రీ విని పకపకా నవ్వాడు. అరియముత్తు కూడా నవ్వాడు. తుండు విదిలించి భుజాన వేసుకుని, "పోతాలే చిన్నమ్మా" అన్నాడు.

అదీ సంగతి. నిద్రపోయానట! పసుపు కలిపింది నేను. లైటు పట్టింది నేను. గేటు తీసింది నేను. చీర కట్టుకోమన్న దానికి మారు మాట్లాడకుండా పోయి, నా కోసం కోర్టులో ఆడదానిలా బొట్టు పెట్టానని చెప్పి నవ్వించుకున్నాడు.

జూన్ 23, మంగళవారం

సెవల రోజుకు రెండు గుక్కలు తప్ప నీళ్లు తాగడం లేదు. మా ఆయన ఫోనులో ఈల పాట పెట్టి వినిపించాడు. అది చెవులు కూడా కదపలేదు.

జూన్ 27, శనివారం

అరియముత్తుకు బెయిలు వచ్చింది. పొద్దున పెరటి తలుపు గడియ తీసి పెట్టాను. గంజి కాచాను.

రాలేదు. మధ్యాహ్నం వీధి గేటు దగ్గర ఎవరో దగ్గారు. వెళ్లి చూస్తే అరియముత్తు. చెప్పులు విడిచి, గేటుకు అవతల, ఎండలో నిలబడి ఉన్నాడు.

"అమ్మా, ఎడ్లను ఒకసారి చూసిపోవచ్చునా? మీరు సరేనంటేనే."

అమ్మా అన్నాడు. చిన్నమ్మా అనలేదు.

"ఇదేం అడగడం అరియముత్తూ? లోపలికి రా" అన్నాను.

"అడక్కుండా వస్తే కేసమ్మా" అన్నాడు.

ఎగతాళి కాదు. నిజంగానే, జాగ్రత్తగా అన్నాడు. ఎగతాళి చేసినా, తిట్టినా బాగుండేది. నేను గేటు బార్లా తీశాను. అతను నా వెనకే వచ్చాడు, కొత్త ఇంటికి వచ్చిన చుట్టంలా అటూ ఇటూ చూడకుండా. కొట్టంలో ఈల వేశాడు. సెవల తొట్టిలో మూతి పెట్టి తలెత్తకుండా తాగింది. దాని గంగడోలు నిమిరి, "ఆ తుండు ఇప్పించండమ్మా" అన్నాడు. ఇచ్చాను.

"అరియముత్తూ, ఆ కాగితం..."

"తెలుసమ్మా. వకీలు చెప్పినాడు. ఎడ్ల కోసం గదా." గంజి తాగమంటే కడుపు నిండా ఉందన్నాడు. ఉన్నట్టు లేదు.

జూలై 2, గురువారం

కుళాయి దగ్గర తామరసెల్వి కలిసింది. మా ఆయన పెదనాన్న కోడలు, వాళ్లకూ బండి ఉంది. బిందె నింపుతూ తనే మొదలుపెట్టింది.

"నీ దొంగోడు నిన్న మా ఇంటికొచ్చినాడక్కా, బండి తోలే పని ఉందా అని. ఎంత ధైర్యం! సొంత యజమాని ఎడ్లనే విప్పుకుపోయినోణ్ణి కొట్టంలోకి రానిస్తామా? మొన్న మీ కొబ్బరికాయలు కూడా ఎత్తుకుపోయినాడంట గదా?"

"ఎవరు చెప్పారు?"

"ఊరంతా అంటా ఉంది. నువ్వే గదక్కా కోర్టులో రాసిచ్చింది?"

అవును, నేనే. నేను ఒక అబద్ధం రాసిస్తే ఊరు దానికి కొబ్బరికాయలు కూడా చేర్చింది. ఎవరూ అతనికి బండి ఇవ్వడం లేదట. బండి తోలేవాడికి దొంగ అన్న పేరు వస్తే ఇక వాడికి తోలడానికి ఏముంటుంది? అంజలై ఇటుకల బట్టీకి పోతోందట. బిందె నిండి పొర్లుతున్నా నాకు తెలియలేదు.

జూలై 4, శనివారం

సోమవారం అరియముత్తు కేసు వాయిదా. నేను వెళ్లి ఉన్నది ఉన్నట్టు చెప్తానని మా ఆయనతో అన్నాను.

"పిచ్చి పట్టిందా? ఎడ్లు పోతాయి. బండి పోతుంది. నువ్వు బోనెక్కాలి. నా ఉద్యోగం మాటేంటి?"

"ఉద్యోగం మీది, బండి నాది. నా పేరున ఉండటం మంచిదని మీరే కదా అన్నారు."

ఆయన అన్నం ముందు నుంచి లేచిపోయాడు. నాకు భయంగా ఉంది. అబద్ధమెందుకు, చాలా భయంగా ఉంది. జైలు కన్నా సెవల మొహం తలుచుకుంటేనే ఎక్కువ భయం.

జూలై 6, సోమవారం

చెప్పాను.

సభాపతి "కూర్చోమ్మా, కూర్చో" అని పళ్ల మధ్య నుంచి బుసకొడుతూనే ఉన్నాడు. నేను నిలబడే ఉన్నాను. కంఠతా పట్టింది ఒక్క ముక్క గుర్తు రాలేదు. ఆ మాటలు వేరు, ఇవి వేరు.

"బండి నేనే పంపానమ్మా. వద్దన్నాడు. నేను ఎగతాళి చేసి పంపాను. గేటు నేనే తీశాను. బొట్టు కూడా నేనే పెట్టాను" అని ఉంగరపు వేలు ఎత్తి చూపించాను.

ఈసారి ఎవరూ నవ్వలేదు. జడ్జి కలం కింద పెట్టింది.

"ఇది చెప్తే ఏమవుతుందో తెలుసా?"

"తెలుసమ్మా. వకీలుగారు మొదటిరోజే చెప్పారు."

దొంగతనం కేసు నిలవదంది. ఇసుక కేసులో నన్ను కూడా చేర్చమంది. అబద్ధపు ప్రమాణానికి విచారణ వేరేగా ఉంటుందంది. ఎడ్లనూ బండినీ ఎల్లుండికల్లా అప్పజెప్పమంది. అక్కడే జామీను మీద నన్ను ఇంటికి పంపారు. అరియముత్తు నా వైపు చూడలేదు. గోడ వైపు తిరిగి తుండుతో మొహం తుడుచుకుంటూ ఉండిపోయాడు.

జూలై 8, బుధవారం

పొద్దున గంజి కాచి, పోలీసులు వచ్చేలోపు పసుపు కలిపాను. ఇవాళ శుక్రవారం కాదు, పోయేది ఏటికీ కాదు. అయినా బోసిగా పంపలేకపోయాను. మయిల నుదురు వంచింది. సెవల నా చెయ్యి నాకింది, ఏనాడూ లేనిది. దాన్ని పట్టుకుని ఏడ్చాను. కానిస్టేబులు పక్కకు తిరిగి నిలబడ్డాడు. మా ఆయన ఇంట్లోంచి బయటికే రాలేదు.

కొట్టం కడగబుద్ధి కాలేదు. మిద్దె మీదికెళ్లి, పూత లేని ఆ గదిలో కూర్చున్నాను. కిటికీలోంచి ఏరు కనిపిస్తోంది. నీళ్లొచ్చాయి. ఇసుక ఎక్కడా కనబడదు.

పెరటి తలుపు దడాలుమన్న చప్పుడైంది. దిగి వచ్చేసరికి అరియముత్తు పెరటి మధ్యలో ఉన్నాడు. ఖాళీ కొట్టం చూసి వచ్చినట్టున్నాడు, కళ్లు ఎర్రగా ఉన్నాయి.

"బుద్ధుందా చిన్నమ్మా నీకు?" అని అరిచాడు. ఇన్నేళ్లలో ఒక్కనాడు నా మీద గొంతు పెంచని మనిషి. "బంగారం లాంటి ఎడ్లు! వేలంలో ఎవడి చేతిలో పడతాయో ఏమో! సెవలకు ఈల వెయ్యాలని వాళ్లకెవరు చెప్తారు? నేను నాలుగు నెల్లు లోపలుండి వచ్చేవాణ్ణి గదా, నాకేం కొమ్ములు విరుగుతాయా? ఎవరు చెప్పమన్నారు నిన్ను?"

నేను గుమ్మంలో కూర్చుని వింటున్నాను. తిడుతూనే ఉన్నాడు. నన్ను తిట్టాడు, సభాపతిని తిట్టాడు, ఇసుకను తిట్టాడు, నా గదిని తిట్టాడు. తిడుతూనే చెంబు వెతుక్కుని, గంజి కుండ మూత తీసి ముంచుకున్నాడు. ఉట్టిలోంచి ఉల్లిపాయ తీసుకున్నాడు.

ఎవరినీ అడగలేదు.